చెవిలో చిన్న స్తంభం, బూజులో చిన్న స్తంభం



ఆసుపత్రి నుండి ఇంటికి వెళ్ళేటప్పుడు ఇచ్చే కాగితాలను ఇంటికి వెళ్ళి శ్రద్ధగా చదివేవారు ఉన్నారు. అందులో అర్థం కాని మాట కనబడితే మళ్ళీ వచ్చి అడుగుతారు. అలా అడిగేవారంటే మాకు సంతోషం. తన జబ్బు ఏమిటో తెలిసిన రోగి మందులు మానడు, చెప్పిన రోజుకి చూపించుకోవడానికి వస్తాడు.

అలా అడిగే మాటల్లో 'కాల్యుమెల్లా' ఒకటి. చెవి ఆపరేషను కాగితంలో ఈ మాట వస్తుంది. ల్యాబ్‌లో బూజును పెంచి చూసిన రిపోర్టులో కూడా ఇదే మాట వస్తుంది. రెండింటిలో ఒకే మాట చూసిన వారికి, "చెవిలో బూజు పట్టిందేమో" అని అనుమానం రావడం సహజం. అలా ఏమీ కాదు. కాల్యుమెల్లా అంటే లాటిన్ భాషలో చిన్న స్తంభం. శరీరంలోగాని, మొక్కలోగాని, బూజులోగాని ఒక చిన్న కట్టడాన్ని నిలబెట్టే సన్నని స్తంభం కనబడితే శాస్త్రజ్ఞులు ఈ పేరు పెట్టారు. పేరు ఒకటే, వస్తువులు వేరు.

అయితే ఈ రెండు స్తంభాల గురించి మన కుటుంబాలు తెలుసుకోవలసింది చాలా ఉంది. చెవిలో ఉన్నదాన్ని మనం కాపాడుకోవాలి. బూజులో ఉన్నదానికి మన ఒంట్లో చోటు ఇవ్వకూడదు. ఈ రెండు పనుల్లోనూ ఎక్కువ భాగం డాక్టరు చేతిలో కంటే మన ఇంట్లోవాళ్ళ చేతిలోనే ఉంది.

కోడి చెవిలో ఒక్క ఎముక

కోడికి బయటకు కనిపించే చెవి దొప్ప లేదు. తల పక్కన ఈకల కింద ఒక రంధ్రం ఉంటుంది. ఆ రంధ్రం లోపల కర్ణభేరి, దానికి ఆనుకొని లోపలి చెవి వరకు ఒక సన్నని ఎముక ఉంటాయి. ఆ ఎముకనే కాల్యుమెల్లా అంటారు. కప్పకూ, బల్లికీ కూడా ఇలాంటి ఒక్క ఎముకే ఉంటుంది. శబ్దానికి కర్ణభేరి అదిరితే ఆ అదురును ఈ ఒక్క స్తంభమే నేరుగా లోపలి చెవికి చేరవేస్తుంది. పిల్లలకు ప్రమాదం అని తల్లికోడి చిన్నగా కూత పెట్టగానే పిల్లలన్నీ రెక్కల కిందికి పరుగెత్తుతాయి. ఆ కూత వాటికి వినిపించేది ఈ ఒక్క ఎముక ద్వారానే.

మన చెవిలో మూడు ఎముకలు

మనుషులకు, పాలిచ్చే జంతువులకు ఈ పని చేయడానికి మూడు ఎముకలు ఉన్నాయి. బడి పుస్తకాల్లో వీటిని కూటకం, దాగలి, కర్ణాంతరాస్థి అని చదువుకుంటాము. కూటకం అంటే సుత్తి. దాగలి అంటే కమ్మరి కొలిమిలో ఇనుము పెట్టి కొట్టే దిమ్మ. మూడోది గుర్రం జీనుకు వేలాడే రికాబు ఆకారంలో ఉంటుంది, డాక్టర్లు దానిని స్టేపిస్ అంటారు. కోడి చెవిలోని స్తంభానికి సమానమైనది ఈ స్టేపిసే.

మన ఒంట్లో ఉన్న ఎముకలన్నింటిలో చిన్నది ఇది. ఎత్తు సుమారు 3 మిల్లీమీటర్లు, అంటే బియ్యపు గింజ పొడవులో సగం. బరువు సుమారు 3 మిల్లీగ్రాములు. ఇంకో విశేషం ఏమిటంటే, ఈ మూడు ఎముకలు బిడ్డ పుట్టేనాటికే పెద్దవారి చెవిలో ఎంత ఉంటాయో అంత ఉంటాయి. కాళ్ళు, చేతులు పెరిగినట్టు ఇవి పెరగవు. చెడిపోతే మళ్ళీ మొలవవు కూడా.

ఇంత చిన్న ఎముకలతో పని ఏమిటి? లోపలి చెవి నిండా నీరు వంటి ద్రవం ఉంటుంది. శబ్దం గాలిలో వస్తుంది. మీరు చెరువులో తల ముంచి ఉన్నప్పుడు గట్టు మీద నుంచి ఎవరైనా పిలిస్తే సరిగా వినబడదు. గాలిలో వచ్చిన శబ్దంలో దాదాపు అంతా నీటి పైభాగాన తగిలి వెనక్కి పోతుంది, వెయ్యో వంతు మాత్రమే లోపలికి దిగుతుంది. మన చెవిలోనూ అదే జరగాలి. కాని ఈ ఎముకలు ఉండడం వలన జరగదు.

డ్రాయింగ్ పిన్ను చూడండి. తల వెడల్పు, మొన సన్నం. తల మీద వేలితో నొక్కితే ఆ బలమంతా మొన దగ్గర చేరి అట్టలోకి దిగుతుంది. కర్ణభేరి వెడల్పుగా ఉంటుంది, స్టేపిస్ పాదం చాలా చిన్నది. కర్ణభేరిలో అదిరే భాగం ఆ పాదం కంటే సుమారు 17 రెట్లు పెద్దది. దానికి తోడు మొదటి రెండు ఎముకలు గడపారలా మీట వేస్తాయి. రెండూ కలిసి ఒత్తిడిని ఇరవై రెట్లకు పైగా పెంచి లోపలి ద్రవాన్ని కదిలిస్తాయి.

అక్కడి నుంచి శబ్దం నత్తగుల్ల ఆకారంలో ఉన్న కాక్లియాలోకి వెళ్తుంది. శంఖాన్ని నిలువునా కోస్తే మధ్యలో ఒక స్తంభం, దాని చుట్టూ మెలికలు కనిపిస్తాయి. ఆ శంఖం స్తంభం పేరు కూడా కాల్యుమెల్లాయే. మన కాక్లియా కూడా అలాగే ఒక ఎముక స్తంభం చుట్టూ సుమారు రెండున్నర చుట్లు తిరిగి ఉంటుంది. వినికిడి నరం పోగులు ఆ స్తంభం లోపలి నుంచే మెదడుకు వెళ్తాయి.

చీము ఎముకను ఎలా తింటుంది

ఇక అసలు విషయానికి వద్దాం. "బాబుకు చెవి కారుతుందండీ, చిన్నప్పటి నుంచీ ఉన్నదే, పెద్దయితే అదే పోతుంది" అనే మాట మా ఓ.పి.లో తరచుగా వింటాము. ఈ మాట వలన పోయిన చెవులు చాలా ఉన్నాయి.

పిల్లలకు జలుబు చేసినప్పుడు ముక్కు వెనుక నుంచి మధ్య చెవికి వెళ్ళే సన్నని గొట్టం వాచి మూసుకుపోతుంది. పిల్లల్లో ఈ గొట్టం పొట్టిగా, అడ్డంగా ఉంటుంది కనుక క్రిములు సులువుగా పైకి వెళ్తాయి. మధ్య చెవిలో చీము చేరుతుంది. రాత్రిపూట విపరీతమైన పోటు వస్తుంది. తెల్లవారేసరికి కర్ణభేరికి చిల్లు పడి చీము బయటికి వస్తుంది. చీము రాగానే నొప్పి తగ్గుతుంది. నొప్పి తగ్గింది కనుక తల్లిదండ్రులు ఊరుకుంటారు. జబ్బు మాత్రం లోపల ఉంటుంది.

అప్పుడే మందు వాడితే చాలామందికి ఆ చిల్లు తనంతట తానే పూడుకుంటుంది. వాడకపోతే చెవి నెలల తరబడి, ఏళ్ళ తరబడి కారుతుంది. మూడు ఎముకలూ ఆ చీములో నానుతూ ఉంటాయి. ముందుగా అరిగిపోయేది ఎక్కువగా మధ్య ఎముక దాగలి. దాని పొడవాటి కొసకు రక్తం సరఫరా తక్కువ. ఆ కొస అరిగి స్టేపిస్ నుంచి విడిపోతే వంతెన మధ్యలో తెగినట్టే. శబ్దం ఇవతల ఆగిపోతుంది. ఎముకల గొలుసు తెగినప్పుడు 60 డెసిబెల్స్ వరకు వినికిడి తగ్గవచ్చు. మనం మామూలుగా మాట్లాడుకునే మాటల స్థాయి సుమారు 60 డెసిబెల్స్. అంటే ఆ చెవికి పక్కనున్నవారి మాట కూడా అందదు.

కొందరిలో చర్మం మధ్య చెవిలోకి సంచిలా పెరిగి ఎముకను తింటుంది. దీనిని కొలిస్టియటోమా అంటారు. ఇది క్యాన్సర్ కాదు, కాని వదిలేస్తే స్టేపిస్‌తో ఆగదు. ముఖ నరం దెబ్బతిని మూతి వంకర పోవచ్చు, మెదడు పొరలకు చీము చేరవచ్చు. కొంచెంగా వచ్చే చీము, కాని భరించలేని దుర్వాసన దీని ముఖ్య లక్షణం. "కొంచెమే కదా కారుతుంది" అని దీనిని తేలికగా తీసుకోవద్దు.

రెండు చెవులూ ఇలా మందగించిన పిల్లవాడు తరగతిలో వెనుక బెంచీలో కూర్చుంటే పాఠం వినబడదు. పిలిస్తే పలకడు. మాట ముద్దగా వస్తుంది. ఇంట్లో మొండివాడని, బడిలో మొద్దని పేరు పడుతుంది. దెబ్బలు కూడా తింటాడు. ఆ పిల్లవానికి తెలివి తక్కువ కాదు, మూడు మిల్లీమీటర్ల స్తంభానికి ఇవతల వంతెన తెగింది. పిల్లల్లో వచ్చే వినికిడి లోపాల్లో సుమారు 60 శాతం నివారించదగినవేనని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది.

డాక్టర్లు కోడి పద్ధతిని వాడుకుంటారు

చెవి మళ్ళీ బాగుచేయవచ్చా? చాలామందికి చేయవచ్చు. 1950లలో జర్మనీ దేశపు డాక్టర్లు వుల్‌స్టైన్, జోల్నర్ కర్ణభేరికి అతుకు వేసి మధ్య చెవిని తిరిగి కట్టే ఆపరేషన్లకు పద్ధతి ఏర్పరచారు. దీనిని టింపనోప్లాస్టీ అంటారు. వుల్‌స్టైన్ వీటిని ఐదు రకాలుగా విభజించారు.

అందులో మూడో రకం మన విషయానికి సంబంధించినది. మొదటి రెండు ఎముకలు పాడై స్టేపిస్ మాత్రం బాగున్నప్పుడు, కర్ణభేరికి వేసిన అతుకును నేరుగా స్టేపిస్ తల మీద ఆనేటట్టు పరుస్తారు. ఇక మూడు ఎముకల పని ఒక్క ఎముకే చేస్తుంది, కోడి చెవిలో వలె. అందుకే దానిని కాల్యుమెల్లా పద్ధతి అంటారు. స్టేపిస్ పై భాగం కూడా అరిగిపోయి పాదం మాత్రమే మిగిలితే, ఆ పాదానికీ కర్ణభేరికీ మధ్య చిన్న స్తంభం నిలబెడతారు. రోగి చెవి మృదులాస్థి ముక్కనుగాని, టైటానియం వంటి లోహంతో చేసిన చిన్న కడ్డీనిగాని ఇందుకు వాడతారు. ఆపరేషను కాగితంలో మీరు చూసిన మాటకు అర్థం ఇదే.

చీము లేకుండా కూడా ఈ స్తంభం పనిచేయకపోవచ్చు. స్టేపిస్ పాదం చుట్టూ కొత్త ఎముక పెరిగి అది బిగుసుకుపోతే ఒటోస్క్లీరోసిస్ అంటారు. ఎక్కువగా యౌవనంలో, మధ్య వయసులో, అందులోనూ స్త్రీలలో ఎక్కువ కనిపిస్తుంది. కొన్ని కుటుంబాల్లో వరుసగా వస్తుంది. చెవి కారదు, నొప్పి ఉండదు, మెల్లమెల్లగా వినికిడి తగ్గుతుంది, చెవిలో హోరు ఉంటుంది. 1956 మే నెలలో అమెరికాలోని మెంఫిస్ నగరంలో డాక్టర్ జాన్ షే బిగుసుకుపోయిన స్టేపిస్‌ను తీసి టెఫ్లాన్‌తో చేసిన కృత్రిమ స్టేపిస్‌ను అమర్చారు. ఈ ఆపరేషను అప్పటి నుంచి మెరుగుపడుతూ నేటికీ జరుగుతోంది. ఆపరేషను వద్దనుకునేవారికి వినికిడి యంత్రం కూడా బాగా ఉపయోగపడుతుంది.

ఈ ఆపరేషన్లు అయినవారికి మేము వార్డులో చెప్పే జాగ్రత్తలు ఇవి. డాక్టరు అనుమతి ఇచ్చేవరకు ముక్కు గట్టిగా చీదవద్దు. తుమ్ము వస్తే నోరు తెరిచి తుమ్మండి, ఆపుకోవద్దు. బిందెలు, బస్తాలు ఎత్తవద్దు. తలస్నానం వద్దు. విమాన ప్రయాణం అడిగి చేయండి. లోపల పెట్టినది బియ్యపు గింజంత కూడా లేదు, అది కుదురుకోవడానికి వారాలు పడుతుంది. ఆపరేషను కాగితం పోగొట్టుకోవద్దు. తరువాత ఎప్పుడైనా ఎం.ఆర్.ఐ. స్కాన్ తీయవలసి వస్తే చెవిలో కడ్డీ ఉన్న సంగతి ముందే చెప్పి, ఆ కాగితం చూపించాలి.

రొట్టె మీద బూజులో స్తంభం

ఇప్పుడు రెండో స్తంభం చూద్దాం. తడి తగిలిన బ్రెడ్డు ముక్కను రెండు మూడు రోజులు మూత కింద ఉంచితే తెల్లని దూది వంటి బూజు పడుతుంది. తరువాత దాని మీద నల్లని చుక్కలు కనిపిస్తాయి. ఇందులో రైజోపస్ అనే బూజు చాలా సామాన్యం. మిగల పండిన బొప్పాయి మీద, దెబ్బ తగిలిన చిలగడదుంప మీద కూడా ఇది వస్తుంది.

భూతద్దంతో చూస్తే ఒక్కో నల్ల చుక్క కింద ఒకటి రెండు మిల్లీమీటర్ల కాడ ఉంటుంది. కాడ కొసన గుండ్రని సంచి. ఆ సంచిలో వేలకొద్దీ బీజాలు. సంచి మధ్యలో కాడ కొస గుమ్మటంలా లోపలికి పొడుచుకు వచ్చి ఉంటుంది. ఆ గుమ్మటంలో బీజాలు ఉండవు, బీజాలన్నీ దాని చుట్టూ ఉంటాయి. దాని పేరే కాల్యుమెల్లా. సంచి ఎండి పగిలినప్పుడు బీజాలు గాలిలోకి లేస్తాయి. స్తంభం మాత్రం కాడ మీద మిగిలి, కాసేపటికి గొడుగు మడత పడినట్టు కుంగిపోతుంది.

ఈ బీజాలు మట్టిలో, పేడలో, ఎండిన ఆకుల్లో, మనం పీల్చే గాలిలో ఉంటాయి. మనమంతా రోజూ పీలుస్తూనే ఉంటాము. ఆరోగ్యంగా ఉన్నవారి ఒంట్లో తెల్ల రక్తకణాలు వాటిని అక్కడికక్కడే చంపుతాయి. ఈ కుటుంబపు బూజులన్నీ చెడ్డవి కూడా కావు. ఇండోనేషియాలో ఉడికించిన సోయా గింజలను రైజోపస్ జాతి బూజుతోనే పులియబెట్టి టెంపే అనే ఆహారం తయారు చేసుకొని తింటారు.

2021లో మనం చూసినది

ప్రమాదం ఎక్కడంటే, ఒంట్లో కాపలా తగ్గినప్పుడు. షుగరు విపరీతంగా పెరిగి రక్తంలో ఆమ్లం చేరినప్పుడు తెల్ల రక్తకణాలు సరిగా పనిచేయవు. ఆ స్థితిలో రక్తంలోని ఇనుము కూడా బూజుకు సులువుగా దొరుకుతుంది. స్టిరాయిడ్లు ఎక్కువ రోజులు వాడితే కాపలా ఇంకా తగ్గుతుంది, షుగరు ఇంకా పెరుగుతుంది. 2021 వేసవిలో కోవిడ్ రెండో ఉధృతిలో ఇవన్నీ ఒక్కసారి కలిసి వచ్చాయి. ఫలితం మ్యూకార్‌మైకోసిస్, జనం నోట 'బ్లాక్ ఫంగస్'. ఆ ఏడాది మే 20న తెలంగాణ ప్రభుత్వం దీనిని తప్పనిసరిగా తెలియజేయవలసిన జబ్బుగా ప్రకటించింది. హైదరాబాదులో కోఠి ఇ.ఎన్.టి. ఆసుపత్రిని దీనికి ముఖ్య కేంద్రంగా చేసింది. జూలై నాటికి దేశంలో 45 వేలకు పైగా కేసులు, 4,300కు పైగా మరణాలు నమోదయ్యాయి. ఆంఫోటెరిసిన్ బి ఇంజెక్షన్ల కోసం కుటుంబాలు ఊళ్ళు తిరిగాయి. ప్రాణం దక్కినవారిలో కొందరు కన్ను, కొందరు పై దవడ కోల్పోయారు.

ఈ జబ్బులో నలుపు బూజు రంగు కాదు. బూజు దారాలు రక్తనాళాల్లోకి చొచ్చుకుపోయి రక్తాన్ని గడ్డ కట్టిస్తాయి. రక్తం అందని చోట మాంసం చచ్చి నల్లబడుతుంది. ముక్కులో మొదలై దవడకు, కంటికి, మెదడుకు రోజుల వ్యవధిలో పాకుతుంది.

ల్యాబ్ రిపోర్టులో కాల్యుమెల్లా ప్రస్తావన ఇందుకే. శరీరంలో ఉన్నప్పుడు ఈ బూజు సాధారణంగా స్తంభాలు కట్టదు, వెడల్పాటి దారాలుగానే పాకుతుంది. ముక్కులోంచి తీసిన ముక్కను మైక్రోస్కోపు కింద చూస్తే ఆ దారాలు కనిపిస్తాయి, చికిత్స అప్పుడే మొదలుపెడతారు. ఇంకొంత భాగాన్ని ల్యాబ్‌లో పోషక పదార్థం మీద పెంచుతారు. అక్కడ కొద్ది రోజుల్లో కాడలు, సంచులు, స్తంభాలు లేస్తాయి. స్తంభం ఆకారం, కాడ కింద వేళ్ళ వంటి భాగాలు ఉన్నాయా లేవా అన్నది చూసి ఏ జాతి బూజో చెబుతారు. మన దేశంలో ఈ జబ్బుకు ఎక్కువగా కారణమయ్యేది రైజోపస్ జాతే.

కోవిడ్ ఉధృతి పోయింది కాని ఈ జబ్బు పోలేదు. కోవిడ్ రాకముందు కూడా మన దేశంలో షుగరు రోగులకు ఇది వచ్చేది, ఇప్పుడూ వస్తోంది.

చెవిలో పట్టే బూజు వేరు

వానాకాలంలో చెవి దురద, దిబ్బడ, కొద్దిగా నొప్పితో చాలామంది వస్తారు. చూస్తే చెవి గొట్టంలో తడిసిన న్యూస్‌పేపరు ముక్కలా బూజు, దాని మీద నల్ల చుక్కలు ఉంటాయి. ఇది చాలామందిలో ఆస్పర్‌జిల్లస్ అనే బూజు. దీనిలో పైన చెప్పిన స్తంభం ఉండదు, ఇది బ్లాక్ ఫంగస్ కాదు. నల్ల చుక్కలు చూసి భయపడవద్దు. డాక్టరు చెవి శుభ్రం చేసి, బూజుకు చుక్కల మందు రాస్తే తగ్గుతుంది. కాని మందుల షాపులో అడిగి తెచ్చిన యాంటీబయాటిక్, స్టిరాయిడ్ కలిసిన చుక్కలు వారాల తరబడి వేస్తే ఈ బూజు ఇంకా పెరుగుతుంది.

ఇంట్లో పాటించవలసినవి

చెవి విషయంలో:

1. చెవి కారుతుంటే నొప్పి లేకపోయినా చూపించండి. రెండు వారాలు దాటి కారుతుంటే ఇ.ఎన్.టి. డాక్టరు చూడవలసిందే.

2. కాగిన నూనె, వెల్లుల్లి నూనె, ఆకు పసరు, చనుబాలు చెవిలో పోయవద్దు. కర్ణభేరికి చిల్లు ఉంటే అవన్నీ నేరుగా ఎముకల మీద పడతాయి.

3. అగ్గిపుల్ల, హెయిర్‌పిన్ను, కోడి ఈక, ఇయర్‌బడ్ ఏదీ చెవిలో పెట్టవద్దు. గులిమి చర్మానికి రక్షణ, మామూలుగా అదే బయటికి వస్తుంది.

4. కారే చెవిని పొడిగా ఉంచండి. శుభ్రమైన మెత్తని గుడ్డను వత్తిలా చుట్టి, చెవి మొదట్లో పెట్టి, తడి పీల్చుకున్నాక తీసి, కొత్త వత్తి పెట్టండి. తడి అంటనంతవరకు ఇలా చేయండి. తరువాత డాక్టరు రాసిన చుక్కలు వేయండి.

5. స్నానం చేసేటప్పుడు దూదికి వాజిలీన్ రాసి చెవిలో పెట్టండి. చెరువులో, బావిలో, కాలువలో ఈత వద్దు.

6. పాలసీసా నోట్లో పెట్టి బిడ్డను వెల్లకిలా పడుకోబెట్టవద్దు. తల కొంచెం ఎత్తుగా ఉంచి పాలు పట్టండి. తల్లిపాలు తాగే పిల్లలకు చెవిపోటు తక్కువ. ఇంట్లో బీడీ, సిగరెట్టు పొగ, పొయ్యి పొగ పిల్లలకు తగలనివ్వవద్దు.

7. చెంప మీద, చెవి మీద కొట్టవద్దు. ఒక్క చెంపదెబ్బతో కర్ణభేరి పగిలిన పిల్లలు ఉన్నారు.

బూజు విషయంలో:

1. షుగరు ఉన్నవారు మాత్రలు, ఇన్సులిన్ సొంతంగా మానవద్దు. జ్వరం వచ్చినప్పుడు మరీ జాగ్రత్తగా చూసుకోండి.

2. స్టిరాయిడ్ మాత్రలు డాక్టరు చెప్పినన్ని రోజులే వాడండి. పాత చీటీ పెట్టి మళ్ళీ కొనవద్దు. ఎక్కువ రోజులు వాడుతున్నవారు ఒక్కసారిగా మానడం కూడా ప్రమాదం, డాక్టరునే అడగండి.

3. షుగరు అదుపులో లేనివారు పేడ, కుళ్ళిన ఆకులు, పాత గడ్డి ఎత్తే పని చేయవలసివస్తే ముక్కుకు మాస్కు పెట్టుకోండి.

4. బూజు పట్టిన బ్రెడ్డు, పండు పడేయండి. పై భాగం గీకి తినవద్దు. మెత్తని పదార్థంలో దారాలు లోపలికి పాకి ఉంటాయి.

వెంటనే ఆసుపత్రికి తీసుకురావలసిన లక్షణాలు

చెవి కారుతున్నవారికి జ్వరంతో తీవ్రమైన తలనొప్పి, వాంతులు, మెడ బిగుసుకుపోవడం, చెవి వెనుక వాపు, కళ్ళు తిరగడం, మూతి వంకర పోవడం.

షుగరు ఉన్నవారికి, స్టిరాయిడ్లు వాడినవారికి ముఖంలో ఒకవైపు నొప్పి, వాపు లేదా తిమ్మిరి, ఒకవైపు ముక్కు దిబ్బడ, ముక్కు నుంచి నల్లని లేదా రక్తపు జీర, పై పళ్ళు కదలడం, అంగిట్లో నల్లమచ్చ, కన్ను ఎర్రబడి వాయడం, ఒకటి రెండుగా కనిపించడం.

వీటిలో ఏది కనబడినా తెల్లవారేవరకు ఆగవద్దు. క్యాజువాలిటీలో రాత్రి కూడా డాక్టరు, నర్సు ఉంటారు.

మీరు అడిగే ప్రశ్నలు

బ్లాక్ ఫంగస్ ఒకరి నుంచి ఒకరికి అంటుకుంటుందా?
అంటుకోదు. రోగికి దగ్గర కూర్చోవచ్చు, అన్నం పెట్టవచ్చు. 2021లో భయంతో రోగులను విడిగా ఉంచిన ఇళ్ళు ఉన్నాయి. ఆ అవసరం లేదు. ఆ జబ్బు చేసినవారికి ముఖం మారిపోయిన బాధ ఎలాగూ ఉంటుంది, మనం దూరం జరిగి దానిని పెంచకూడదు.

ఫ్రిజ్‌లో ఉల్లిపాయ మీద కనిపించే నల్ల పొడి బ్లాక్ ఫంగసేనా?
కాదు. అది వేరే రకం బూజు. కడిగి, పైపొర తీసి వాడుకోవచ్చు. మెత్తబడినది పడేయండి.

చెవి కారడం ఆగిపోయింది, ఇక ఆసుపత్రికి రావాలా?
రావాలి. చీము ఆగినా చిల్లు ఉండవచ్చు, ఎముకలు అరిగి ఉండవచ్చు. ఆడియోగ్రామ్ అనే వినికిడి పరీక్ష చేస్తే తెలుస్తుంది. ఆ పరీక్షలో సూది లేదు, నొప్పి లేదు. చెవులకు హెడ్‌ఫోన్ పెట్టి శబ్దం వినబడినప్పుడు చెప్పమంటారు.

పిల్లవానికి వినబడుతోందో లేదో ఇంట్లో ఎలా తెలుస్తుంది?
వెనుక నుంచి మెల్లగా పేరు పెట్టి పిలవండి. టి.వి. శబ్దం మరీ పెంచుతున్నాడా, మాట్లాడేవారి పెదవుల వైపే చూస్తున్నాడా, "ఆఁ, ఏంటి" అని మళ్ళీ మళ్ళీ అడుగుతున్నాడా గమనించండి. 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం కింద అంగన్‌వాడీల్లో, ప్రభుత్వ బడుల్లో పిల్లలను పరీక్షించే బృందాలు చెవి జబ్బులను, వినికిడి లోపాన్ని కూడా చూస్తాయి. ఆ రోజు పిల్లలను బడి మానిపించవద్దు.

ఏటా మార్చి 3న ప్రపంచ వినికిడి దినం జరుపుకుంటాము. దాని కోసం ఎదురు చూడనక్కరలేదు. ఈ ఆదివారం మీ వీధిలో, మీ సంఘంలో చెవి కారుతున్న పిల్లవాడు ఒకడు ఉన్నాడేమో చూడండి. ఉంటే వాళ్ళ అమ్మతో మాట్లాడి, ఇద్దరినీ మా ఇ.ఎన్.టి. ఓ.పి.కి తోడు తీసుకురండి. చీటీ రాయించే దగ్గర నుంచి డాక్టరు గది వరకు మేము చూసుకుంటాము.

నర్సింగ్ సూపరింటెండెంట్, నర్సింగ్ సిబ్బంది